హెలిప్యాడ్‌కి మందు కొట్టిన నజ్మీన్

చిలకలూరిపేట నుంచి పర్చూరు వైపు పోయే దారిలో ఎర్రగుంటపాలెం అని ఒక ఊరుంది. ఆ ఊళ్లో నజ్మీన్‌ని నజ్మీన్ అని పిలిచేవాళ్లు ఇద్దరే, భర్త సాదిక్, అత్త లాల్‌బీ. మిగతా అందరికీ ఆమె డ్రోనమ్మ. మొదట్లో వెక్కిరింతకి పెట్టిన పేరది. ఆడమనిషి గాల్లో బొమ్మ ఎగరేసి మిరపచేలకు మందు కొడుతుందట అని అరుగుల మీద కూర్చుని నవ్వినవాళ్లే, నల్ల తామర పురుగు పూతంతా తినేసిన ఏడాది ఆమె గుమ్మం ముందు వరస కట్టారు. వీపుకి ట్యాంకు తగిలించుకుని మనిషి పొద్దంతా తిరిగి కొట్టే మందుని ఆమె మిషన్ టీ తాగి లేచేలోపు కొట్టి వచ్చేది. దాంతో ఆ పేరులో వెక్కిరింత పోయింది.

అంతకుముందు ఆమె ఏం చేసేదంటే, ఆ ప్రాంతంలో ఆడవాళ్లందరూ చేసే పనే చేసేది. కాలం వచ్చినప్పుడు పత్తి తీసేది. పత్తి లేనప్పుడు కోల్డ్ స్టోరేజీ దగ్గర మిరపకాయల తొడాలు తీసేది. సాయంత్రం ఇంటికొచ్చాక చేతులు ఎంత మండేవంటే, కళ్లు తుడుచుకోవడానికి కూడా భయమేసేది. డ్వాక్రా సంఘానికి డ్రోన్ ఇస్తామని, పది చదివిన ఆడమనిషి కావాలని ఆఫీసువాళ్లు అడిగినప్పుడు సంఘంలో అందరూ పక్కవాళ్ల వైపు చూశారు. నజ్మీన్ చెయ్యెత్తింది. గుంటూరులో ట్రైనింగ్ అయ్యి, మెడలో పైలట్ కార్డు వేసుకుని ఊళ్లోకి వచ్చిన రోజున లాల్‌బీ ఆ కార్డుని అటూ ఇటూ తిప్పి చూసి, "ఇదేందే, నీ ఫోటో ఇంత నల్లగా పడింది" అంది. అంతకుమించి మెచ్చుకోవడం ఆవిడకి చేతకాదు.

సాదిక్ అంతకుముందు ట్రాలీ ఆటోలో పత్తి బోరాలు తోలేవాడు. తర్వాత అదే ఆటోలో డ్రోన్ పెట్టుకుని భార్యని చేల వెంట తిప్పేవాడు. మందు కలపడం అతని పని, ఎగరేయడం ఆమె పని. ఏ చేలోకైనా మొదటిసారి వెళ్లినప్పుడు నజ్మీన్ రిమోట్ చేత్తో పట్టుకుని గట్టు వెంట చేనంతా చుట్టి వచ్చేది. ప్రతి మూల దగ్గరా ఆగి ఒక బటన్ నొక్కేది. ఆ మూలలన్నీ మిషన్ గుర్తుపెట్టుకుంటుంది. రెండోసారి నుంచి చుట్టాల్సిన పని లేదు, స్క్రీన్ మీద చేను పేరు చూసుకుని నొక్కితే చాలు. హద్దు దాటకుండా, ఒక్క చాలు వదలకుండా అటూ ఇటూ తిరిగి తడిపేసి, బయలుదేరిన చోటికే వచ్చి దిగుతుంది. చక్కటి ఏర్పాటు. అందులో ఒకటే లోపం, ఈలోపు చేలో ఏం జరిగిందో దానికి తెలీదు. ఎవరో ఒకరు వచ్చి చెప్పాలి.

డిసెంబరు చివర్లో వెంకయ్య ఫోన్ చేశాడు. వెంకయ్యది ఆ ఊళ్లో పెద్ద చేలల్లో ఒకటి, రోడ్డు పక్కనే. నెల కిందట ఆమే దాని మూలలు చుట్టి వచ్చింది. వరసకి ఏమీ కాకపోయినా ఆయన్ని బాబాయ్ అని పిలుస్తుంది. "అమ్మాయ్, పూతలో మళ్లీ పురుగు కనపడతంది. రేపు పొద్దున్నే వచ్చి ఒక తడుపు తడిపిపో. ఆలస్యమైతే నా కొంప మునుగుద్ది" అన్నాడాయన.

"రేపు ఢిల్లీ నాయకుడు వస్తన్నాడంట గదా బాబాయ్, రోడ్డంతా పోలీసులుంటారేమో."

"ఆయనొచ్చేది పదకొండింటికి. నువ్వు ఎండెక్కే లోపల కొట్టేసి పోతావ్. నీకేంది, గంట పని."

మిరప రేటు పడిపోయిందని, రైతుల్ని ఓదార్చడానికి ఢిల్లీ నుంచి ఒక పెద్ద నాయకుడు హెలికాప్టర్‌లో దిగుతాడని వారం నుంచి ఊరంతా గోలగా ఉంది. హెలికాప్టర్ ఎప్పుడొచ్చినా కాలేజీ గ్రౌండ్‌లోనే దిగుతుంది. అది ఊరికి అవతలి చివర. ఈసారి గ్రౌండ్ పక్కన కొత్తగా కరెంటు తీగలు లాగారని, ముందురోజు సాయంత్రం అధికారులు వద్దన్నారని, పార్టీ మండల నాయకుడు శివరామకృష్ణ అప్పటికప్పుడు వెంకయ్య కాళ్లావేళ్లా పడి చేను మూల అడిగాడని నజ్మీన్‌కి తెలీదు. కాయ మీదున్న చెట్లని జేసీబీతో పీకించి, రోలర్ తోలించి, సున్నంతో పెద్ద గుండ్రం గీసి అందులో హెచ్ అక్షరం రాశారనీ తెలీదు. మండలంలో డ్రోన్లు ఎగరేయకూడదన్న ఉత్తర్వు మాత్రం ఆమె ఫోన్‌లోనే ఉంది. సంఘం గ్రూపులో ఎవరో పెట్టారు. దానిమీద శుభోదయాలు, పూల బొమ్మలు, పుట్టినరోజు కేకులు వచ్చి పడ్డాయి. ఆమె చూడలేదు.

తెల్లారేసరికి పొగమంచు దట్టంగా దిగింది. తూర్పు గట్టు మీద నిలబడితే పది చాళ్ల అవతల ఏమీ కనపడటం లేదు. ట్రైనింగులో చెప్పింది ఒక్కటే, కంటికి కనపడనంత దూరం పంపొద్దని. నజ్మీన్ ఆ మాట గుర్తు చేసుకుంది కూడా. కాసేపు ఆగుదామా అని సాదిక్ అడిగాడు. ఆగితే పోలీసులు రోడ్డు మూసేస్తారు, పురుగు ఇంకో రోజు తింటుంది, వెంకయ్య బాబాయ్ పది మందికి చెప్పుకుంటాడు. స్క్రీన్ మీద చేను స్పష్టంగా ఉంది, నాలుగు మూలలూ ఉన్నాయి. ఆమె బటన్ నొక్కింది. తప్పంటూ ఉంటే ఆమెది ఇదే, ఇంత మాత్రమే.

డ్రోన్ లేచి మంచులోకి వెళ్లిపోయింది. కాసేపు తుమ్మెద లాంటి మోత వినపడింది, తర్వాత అదీ లేదు. స్క్రీన్ మీద ఆకుపచ్చ గీతలు ఒక్కొక్కటే నిండుతున్నాయి. అటు చివరికి వెళ్లింది, తిరిగింది, వచ్చింది. మూడోసారి వెళ్లినప్పుడు అటువైపు నుంచి విజిల్ వినపడింది. తర్వాత కేకలు. నజ్మీన్ రిమోట్ వైపు చూసింది, చేను వైపు చూసింది. మిరపచేలో పోలీసు విజిల్ ఎందుకు వినపడుతుందో ఆమెకు అర్థం కాలేదు. డ్రోన్ వెనక్కి వచ్చి బుద్ధిగా ఆమె కాళ్ల ముందు దిగేసరికి, దాని వెనకే చెట్ల మధ్య నుంచి లాఠీలు పట్టుకుని నలుగురు పోలీసులు పరిగెత్తుకొచ్చారు. వాళ్ల టోపీల మీద, భుజాల మీద మందు తుంపర తెల్లగా మెరుస్తోంది.

ఆ సమయానికి హెలిప్యాడ్ దగ్గర కోటేష్ ఉన్నాడు. కోటేష్‌కి ఒక యూట్యూబ్ ఛానెల్ ఉంది, మైక్ మీద ఆ ఛానెల్ గుర్తు ఉంది. సాదిక్‌తో కలిసి చదువుకున్నవాడే. ఏర్పాట్లు ఎలా ఉన్నాయో లైవ్ పెడదామని వచ్చి ఫోన్ ఎత్తి పట్టుకున్నాడు. సరిగ్గా అప్పుడు మంచులోంచి ఆరు రెక్కల మిషన్ ఒకటి బయటికొచ్చి, హెచ్ అక్షరం మీద ఏదో చల్లుకుంటూ పోయి, చివర్న ఆగి, తిరిగి, మళ్లీ చల్లుకుంటూ వచ్చింది. కోటేష్ బుర్రలో కూడా ఇది నజ్మీన్ డ్రోన్ అయ్యుంటుందని మెరిసింది. అయినా వీడియోకి "హెలిప్యాడ్ మీద డ్రోన్! చల్లిందేంటి?" అని పేరు పెట్టాడు. ప్రశ్న గుర్తు పెడితే ఏం రాసినా చెల్లుతుందని వాడి నమ్మకం.

హెలికాప్టర్ రాలేదు. నాయకుడి పర్యటన రద్దయింది. ఎండ ఎక్కేసరికి ఆ వీడియో కోటేష్ చేతుల్లోంచి జారిపోయి హైదరాబాద్ ఛానెళ్లకి, అక్కడి నుంచి ఢిల్లీ ఛానెళ్లకి పోయింది. చిలకలూరిపేట స్టేషన్‌లో బెంచీ మీద కూర్చున్న నజ్మీన్ కానిస్టేబుల్ ఫోన్‌లో తన డ్రోన్‌ని చూసింది. ఎర్రటి గుండ్రం గీసి చూపిస్తున్నారు. కింద "హెలిప్యాడ్‌పై విష రసాయనం?" అని అక్షరాలు పరిగెడుతున్నాయి. పదకొండింటి వరకూ ఆమె "ఓ మహిళా రైతు". ఆ తర్వాత ఎవరో పేరు చెప్పారు. అంతే, అక్షరాల రంగు మారిపోయింది. "ఎవరీ నజ్మీన్? వెనకున్నదెవరు?" అని అడగడం మొదలుపెట్టారు. వెనకున్నది సాదిక్. పక్క బెంచీ మీద కూర్చుని, మందు చేతులు కడుక్కోవడానికి నీళ్లు ఎక్కడున్నాయని అడుగుతున్నాడు.

ఒక ఛానెల్లో రిటైరైన సైనికాధికారి కూర్చుని, పొలాలకు మందు కొట్టే డ్రోన్లకే బాంబులు కట్టి యుద్ధాల్లో వాడుతున్నారని, అవి ఎంత బరువు మోస్తాయో చేతులతో చూపిస్తూ చెప్పాడు. ఆయన చెప్పినదాంట్లో అబద్ధం లేదు. ఆమెను భయపెట్టింది అదే. రెండేళ్లుగా ఆటోలో పక్కన పెట్టుకుని తిరిగిన మిషన్‌ని, దుమ్ము పడకుండా పాత చీర కప్పిన మిషన్‌ని, స్టేషన్ మూలన తాడు కట్టి పడేసి ఉంటే ఆమె మొదటిసారి పరాయిదాన్ని చూసినట్టు చూసింది.

ఎస్సై చెడ్డవాడు కాదు. ట్యాంకు మూత తీసి వాసన చూసి మొహం తిప్పుకున్నాడు. "నేనూ మిరపచేలో పుట్టినోణ్ణేనమ్మా. ఇది ఏం మందో నాకు తెలుసు. కానీ పైనుంచి ఫోన్ల మీద ఫోన్లు. మిషన్‌ని ల్యాబ్‌కి పంపాలి. దాన్లో రికార్డు బయటికి రావాలంటే నెలలు పడుద్ది. ఈలోపు నిన్ను ఎవరు పిలిచారు, ఎందుకు పిలిచారు అనేది తేలాలి. ఆ రైతు వచ్చి, నేనే పిలిచాను, మూల తీసేసిన సంగతి ఆమెకి చెప్పలేదు అని ఒక్క ముక్క చెప్పాడనుకో, ఇది పొరపాటు అని నేను రాసుకుంటా. రాలేదనుకో, ఇది నా చేతిలో ఉండదు. ఢిల్లీ నుంచి వేరే వాళ్లు వస్తారు."

"వేరే వాళ్లంటే ఎవరండీ?" అంది నజ్మీన్.

ఎస్సై నోటీసు కాగితం ముందుకు లాక్కున్నాడు. పొద్దు ఉండగానే నోటీసు ఇచ్చి, ఊరు దాటొద్దని చెప్పి ఇద్దర్నీ పంపేశాడు.

ఇంటికి వచ్చేసరికి లాల్‌బీ వీధి తలుపు గడియ పెట్టుకుని కూర్చుంది. ఆ ఇంటికి పట్టపగలు గడియ పెట్టడం అనేది ఎన్నడూ లేదు. "ఎవరెవరో వచ్చి ఇంటికి ఫోటోలు తీసుకుపోతన్నారే. మన బర్రెకి కూడా తీశారు" అంది. నజ్మీన్ ఫోన్ ఆన్ చేస్తే అది ఆగకుండా మోగింది. తెలియని నంబర్ల నుంచి తిట్లు. కొన్ని తెలుగులో, ఎక్కువ హిందీలో. ఆమె పైలట్ కార్డు పట్టుకుని నవ్వుతున్న ఫోటో, సంఘం ఫేస్‌బుక్‌లోది, ఎవరో తీసి కింద ఏదో రాశారు. ఆ లిపి ఏ దేశానిదో సాదిక్‌కి కూడా అంతుపట్టలేదు. ఎర్రగుంటపాలెం పేరు సరిగ్గా పలకలేని వాళ్లంతా ఆమె ఎవరో తేల్చేశారు. నజ్మీన్ ఫోన్ బియ్యం డబ్బాలో పడేసి మూత పెట్టింది. లోపల అది గురగురమంటూనే ఉంది.

ఎండ చల్లబడుతుండగా ఆలుమగలిద్దరూ వెంకయ్య దగ్గరికి వెళ్లారు. కోటేష్ కూడా వాళ్ల వెనకే వచ్చాడు. పొద్దుటి నుంచి వాడి మొహంలో నెత్తురు చుక్క లేదు. "వదినా, నేను ప్రశ్నే పెట్టాను, వాళ్లు జవాబులు రాసుకున్నారు" అని రెండుసార్లు అన్నాడు. "నోర్మూసుకుని నడవరా" అన్నాడు సాదిక్.

వెంకయ్య గట్టు మీద కూర్చుని చుట్ట కాలుస్తున్నాడు. ఎదురుగా చదును చేసిన నేల, దాని మీద మందు తడికి చెరిగిపోయిన హెచ్ అక్షరం. పీకేసిన మిరపచెట్లు కాయలతో సహా పక్కన కుప్పగా పడి వాడిపోతున్నాయి.

"బాబాయ్, మూల తీసేశావని నాకెందుకు చెప్పలేదు?" అంది నజ్మీన్.

వెంకయ్య నిజంగానే ఆశ్చర్యపోయాడు. "చెప్పాలా? దానికి కెమెరా ఉందిగా అమ్మాయ్! కింద చెట్టుందో లేదో అదే చూసుకుంటదిగా. మనిషికి చెప్పినట్టు దానికీ చెప్పాలని నాకేం తెలుసు?"

నజ్మీన్‌కి నవ్వాలో ఏడవాలో తెలీలేదు. రెండేళ్లలో తన మిషన్ గురించి ఊళ్లో ఎవరు ఏమనుకుంటున్నారో తను ఒక్కసారీ అడగలేదు. గొప్పగా చూస్తున్నారు కదా అని మురిసిపోయింది. వాళ్లు దాన్ని మరీ గొప్పదనుకున్నారు.

"ఆ మాటే స్టేషన్‌కి వచ్చి చెప్పు బాబాయ్. అంతే చాలు."

"చెప్తా. దాందేముంది, జరిగిందేగా చెప్పేది. రేపు పొద్దున్నే వస్తా." కోటేష్ ఫోన్ తీసి, ముందు ఇక్కడ ఒకసారి చెప్పండి, అందరూ చూస్తారు అన్నాడు. వెంకయ్య చుట్ట ఆర్పి, తలపాగా సర్దుకుని, హెలిప్యాడ్ ముందు నిలబడి మొత్తం చెప్పాడు. తనే పిలిచానని, మూల సంగతి చెప్పలేదని, కెమెరా చూసుకుంటుందనుకున్నానని, ఆ పిల్ల అమాయకురాలని. నజ్మీన్ చెయ్యి చాస్తే తగిలేంత దూరంలో నిలబడి వింది. ఆ సాయంత్రం నజ్మీన్ ఇంట్లో అన్నం వండారు.

మర్నాడు పొద్దున స్టేషన్ ముందు వెంకయ్య కోసం కాచుకుని కూర్చున్నారు. ఆయన రాలేదు. ఫోన్ ఎత్తలేదు. ఎండ నెత్తికొచ్చాక కోటేష్ వచ్చాడు. చేతిలో ఫోన్ ముందుకు చాపాడు. సాదిక్ లాక్కుని చూశాడు. శివరామకృష్ణ మైకుల ముందు నిలబడి ఉన్నాడు. నాయకుడికి ముప్పు తెచ్చిన కుట్రని కప్పిపుచ్చడానికి నకిలీ వీడియో తయారు చేశారని, అది ఏఐతో చేసిందని, పెదవులకీ మాటకీ పొంతన లేదని, తలపాగా దగ్గర అంచు వణుకుతోందని, కావాలంటే చూసుకోండని చెబుతున్నాడు. వెనక నుంచి ఎవరో ఆ వీడియోనే ఆపి ఆపి చూపిస్తున్నారు. గాలికి తలపాగా కొస వణుకుతోంది. నిజమే మరి, గాలి వీచింది.

శివరామకృష్ణ ఎందుకంత పట్టుగా ఉన్నాడో ఊళ్లో చిన్నపిల్లలకీ తెలుసు. అది పొరపాటే అని తేలితే, పక్కనే మందు కొడుతున్న చేలో నాయకుణ్ణి దింపబోయింది ఎవరు అని ఢిల్లీ వాళ్లు అడుగుతారు. కుట్ర అని తేలితే నాయకుడూ గొప్పవాడే, కనిపెట్టినవాడూ గొప్పవాడే.

"ఒరేయ్, నాది నకిలీ ఏంట్రా! నా చేత్తో తీశా" అని కోటేష్ రోడ్డు మీదే అరిచాడు. "ఇప్పుడే పోయి మళ్లీ తీస్తా. ఇయ్యాళ్టి పేపరు చేతిలో పట్టించి మరీ తీస్తా. అప్పుడేమంటారో చూస్తా." బండి స్టార్ట్ చేసుకుని వెళ్లిపోయాడు.

వాడు వెంకయ్య చేను చేరేసరికి అక్కడ పెద్ద ఛానెల్ వాళ్ల కారు ఉంది. నులక మంచం మీద వెంకయ్య, పక్కన భుజం మీద చెయ్యేసి శివరామకృష్ణ. నజ్మీన్, సాదిక్ దాన్ని స్టేషన్ బయట టీ కొట్టు టీవీలో చూశారు. వెంకయ్య నేల చూపులు చూస్తూ మాట్లాడాడు. "అది నేను కాదండీ. నా మొహం పెట్టి, నా గొంతు పెట్టి ఎవరో కంప్యూటర్లో చేశారంట. నాకు ఫోన్‌లో వీడియో చూడ్డమే రాదు, నేనెందుకు మాట్లాడతానండీ? డ్రోన్ ఎవరిదో, ఎందుకొచ్చిందో నాకేం తెలవదు."

ఇదివరకైతే మనిషి మాట మారిస్తే మాట మార్చాడనేవాళ్లు. నలుగురూ నిలదీసేవాళ్లు, వాడూ కాస్త సిగ్గుపడేవాడు. ఇప్పుడు మాట మార్చాల్సిన అవసరమే లేకుండా పోయింది. అసలు నేను అనలేదంటే సరి. పైగా అందరూ అయ్యోపాపం అంటారు. వెంకయ్యకి ఏఐ అంటే ఏమిటో తెలీదు. కానీ అది ఎందుకు పనికొస్తుందో ఒక్క పూటలో తెలిసిపోయింది.

టీ కొట్టులో పక్క బల్ల మీది మనిషి, ఆమె ఎవరో తెలీక, "ముసలాయన మొహం పెట్టి ఎంత బాగా చేశారో చూడు, వాళ్లు చాలా పెద్ద చదువు చదివినోళ్లు అయ్యుంటారు" అన్నాడు. నజ్మీన్ కొంగు తల మీదికి లాక్కుని లేచి బయటికి వచ్చింది. సాదిక్ జేబులోంచి ఫోన్ తీసి కోటేష్ తీసిన వీడియో పెట్టి చూసింది. పెదవులు చూసింది, తలపాగా చూసింది. ఒక్క క్షణం, ఒకే ఒక్క క్షణం, నిజంగానే పొంతన లేదేమో అనిపించింది. తను అక్కడే నిలబడి విన్నది. అయినా అనిపించింది. తన మీద తనకే భయమేసి ఫోన్ ఆపేసింది.

ఎస్సై మళ్లీ లోపలికి పిలిచాడు. నిన్న కూర్చోమన్నాడు, ఇవాళ అనలేదు. "ఆ రైతు కాదన్నాక నేనేం చెయ్యను? ఆయన ఫోన్ చేసినట్టు లిస్టులో ఉంటది గానీ, ఏం మాట్లాడాడో అందులో ఉండదు. పైగా నకిలీ వీడియో చేయించారని మీ మీద ఇంకో కంప్లయింట్ వచ్చింది. అది వేరే సెక్షను. ఎల్లుండి విజయవాడ తీసుకెళ్తారు. లాయర్ని చూసుకోండి." ఆ తర్వాత గొంతు తగ్గించి, "ఆయన దగ్గరికే పోయి ఇంకోసారి బతిమాలుకోండమ్మా. నాకు తోచింది అదొక్కటే" అన్నాడు.

మర్నాడు పొద్దున ఆమె ఒక్కతే చేలోకి దిగింది. సాదిక్ వస్తే గొడవ పెట్టుకుంటాడని ఆటో రోడ్డు మీదే ఆపించి, అందులోనే ఉండమంది. వెంకయ్య వీపుకి ట్యాంకు తగిలించుకుని చాళ్ల మధ్య మందు కొట్టుకుంటున్నాడు. ఆ వయసులో ఆ బరువుకి నడుం వంగిపోయి, అడుగు పడటం లేదు. ఆమెను చూసి ఆగాడు. చుట్టూ చూశాడు. రోడ్డు వైపు చూశాడు.

"ఫోన్ ఉందా?" అన్నాడు.

ఆమె చేతిలోని ఫోన్ చూపించింది.

"అదక్కడ పెట్టి రా. ఆ చివర గట్టు మీద. దూరంగా పెట్టు."

నజ్మీన్ వెళ్లి గట్టు మీద ఫోన్ పెట్టి వచ్చింది. వెంకయ్య ఆమె రెండు చేతుల వైపూ చూశాడు, నడుం దగ్గర చీర మడత వైపు చూశాడు. ఇంకేమీ లేదని నమ్మకం కుదిరాక ట్యాంకు దించి కింద కూర్చున్నాడు. కూర్చోగానే మొహం చేతుల్లో పెట్టుకుని ఏడ్చాడు.

"నేనే పిలిచానమ్మాయ్. నేనే. మూల సంగతి చెప్పంది నేనే. నీ తప్పు చీమంత లేదు. నా కాయంతా ఆ శివరామకృష్ణ కోల్డ్ స్టోరేజీలోనే ఉంది. రెండేళ్ల కాయ. బయటికి రానివ్వనన్నాడు. నేనేం చేసేది? నాకు రాత్రి కంటి మీద కునుకు లేదు. నీ కాళ్లు పట్టుకోమన్నా పట్టుకుంటా."

నిజంగానే వంగాడు. ఆమె వెనక్కి జరిగింది. మూడు రోజులుగా ఆ మాటల కోసమే ఆమె ప్రాణం ఉగ్గబట్టుకుని తిరిగింది. ఇప్పుడు ఆయన ఒక్క ముక్క దాచకుండా, అడక్కుండానే, ఏడ్చి మరీ చెబుతున్నాడు. వినడానికి మిరపచెట్లు తప్ప ఎవరూ లేరు. ఆమెకు కోపం వచ్చింది, ఆయన మొహం చూసి జాలీ వేసింది. రెండిట్లో ఏదీ రేపటికి అక్కరకు రాదు.

"స్టేషన్‌లో చెప్పు బాబాయ్" అంది, చివరిసారిగా.

వెంకయ్య తల అడ్డంగా ఊపాడు. "నీ మిషన్లో రికార్డు ఉందంటగా. అది చెప్పుద్దిలే అమ్మా. మిషన్ అబద్ధమాడదంటారుగా." కళ్లు తుడుచుకుని, పూతలోకి చూస్తూ, "ఆ మిషన్ తిరిగి ఎప్పుడిస్తారంట? నా వల్ల కావట్లేదు, ఇంకా సగం చేను మిగిలిపోయింది" అన్నాడు.

ఆయన కావాలని అన్న మాట కాదది. ఆమె గట్టు మీద ఫోన్ తీసుకుని, చాళ్ల మధ్యగా నడుచుకుంటూ రోడ్డెక్కింది. సాదిక్ ఆటో దిగి రెండంగల్లో ఎదురొచ్చాడు.

"ఏమన్నాడు?"

"నేనే పిలిచానన్నాడు. తప్పు నాదేనన్నాడు. ఏడ్చాడు."

సాదిక్ మొహం విప్పారింది. గబుక్కున ఆమె చేతిలోని ఫోన్ వైపు చూశాడు. "రికార్డు చేశావా?"

"చేస్తే మాత్రం?" అంది నజ్మీన్.

ఇద్దరూ ఆటో ఎక్కారు. లాయరు ఇల్లు ఎక్కడో చిలకలూరిపేటలో ఎవర్నైనా అడగాలి.